మూలనే సెంటర్ అంటాం

తెలుగులో ‘మూల’ అన్న మాటకు మర్యాద తక్కువ. విరిగిన కుర్చీని మూలన పడేస్తాం. రిటైరైన మామగారికి మూల గది ఇస్తాం. వచ్చే జీతం ఏ మూలకూ చాలదు. బస్సు వెళ్ళని పల్లె మారుమూల పల్లె. అదే మూల నాలుగు రోడ్ల దగ్గర పడితే మాత్రం కోస్తా జిల్లాల్లో దానికి ఒక్కసారిగా హోదా వచ్చి ‘సెంటర్’ అయిపోతుంది. హైదరాబాదులో దాన్ని చౌరస్తా అంటారు, కర్నూలు, అనంతపురం వైపు సర్కిల్ అంటారు. మా గుంటూరులో శంకర్ విలాస్ సెంటర్, లాడ్జి సెంటర్, నాజ్ సెంటర్, హిందూ కాలేజీ సెంటర్, జిన్నా టవర్ సెంటర్. ఒకటి హోటలు పేరు, ఒకటి సినిమా హాలు పేరు, ఒకటి కాలేజీ పేరు. ఇన్ని కేంద్రాలుంటే వృత్తం ఎక్కడుందని లెక్కల మాస్టారు ఎవరైనా అడగవచ్చు. నేను ఈ ఊళ్ళోనే పుట్టి పెరిగాను కాబట్టి నాకా అనుమానం ఎప్పుడూ రాలేదు.

నేను చెప్పబోయేది ఆ పెద్ద సెంటర్ల సంగతి కాదు. బ్రాడీపేటలో ఒక లైనూ ఒక అడ్డరోడ్డూ కలిసే చిన్న మూల సంగతి. దానికి పేరు లేదు, అంకెలే ఉన్నాయి. ఆ అంకెలు ఇక్కడ రాయను. రాస్తే అక్కడున్నవాళ్ళకు ఇబ్బంది, నాకు అంతకన్నా ఎక్కువ ఇబ్బంది.

గుంటూరు తెలియనివాళ్ళకు ఈ అంకెల గొడవ కాస్త చెప్పాలి. బ్రాడీపేట, అరండల్‌పేట రెండూ గళ్ళ నోటుపుస్తకంలా గీసిన పేటలు. ఒకవైపు సాగేవి లైన్లు, వాటిని కోసుకుంటూ వెళ్ళేవి అడ్డరోడ్లు. నాలుగో లైను, పద్నాలుగో అడ్డరోడ్డు అయితే విలాసం 4/14. చూడటానికి బడిలో చదివిన భిన్నంలా ఉంటుంది. అంకెలు చిన్నవైనప్పుడు తంటా. 4/2 కోసం వచ్చినవాడు 2/4 దగ్గర నిలబడి ఇల్లు కనపడలేదంటాడు. పైగా బ్రాడీపేటలో ఉన్న అంకెలే అరండల్‌పేటలోనూ ఉంటాయి. అందుకని ఈ పేటల్లో ఏ మూల చూసినా ఒకరు కాగితం పట్టుకుని నిలబడి ఉంటారు, ఇంకొకరు చెయ్యి చాపి దారి చూపిస్తుంటారు. ఫోన్లలోకి మ్యాపు వచ్చాక ఇది తగ్గుతుందనుకున్నాను. కాగితం బదులు ఫోను చాపి అడుగుతున్నారు, అంతే తేడా.

గళ్ళు చిన్నవి కావడం వల్ల మాకు మూలలు ఎక్కువ. పొడుగాటి వీధికి రెండే కొసలు. అదే వీధిని పది చోట్ల అడ్డంగా కోస్తే పది కూడళ్ళు, కూడలికి నాలుగు చొప్పున నలభై మూలలు. మూల మీద కొట్టుకు రెండు ముఖాలు, రెండు రోడ్ల జనం. స్థలాలు అమ్మేవాళ్ళకు ఈ లెక్క బాగా తెలుసు. ‘కార్నర్ బిట్టు’ అని గజానికి ఎక్కువ అడుగుతారు, ఈశాన్యం కలిసొస్తే ఇంకాస్త వేసుకుంటారు. అమ్మకానికి పెట్టినప్పుడు అంత విలువైన మూల, రోడ్డు విషయం వచ్చేసరికి బండ్లు తిరిగే వంపు మాత్రమే అయిపోతుంది.

నా వృత్తి పన్నుల లెక్కలు రాయడం. చిన్న వ్యాపారుల జీఎస్టీ, ఉద్యోగస్తుల ఆదాయపు పన్ను. మెడికల్ షాపు పైన మొదటి అంతస్తులో ఇల్లూ ఆఫీసూ ఒక్కటే. బల్ల కిటికీ పక్కన వేసుకున్నాను. నెలనెలా 20వ తేదీకి జీఎస్టీ 3బి రిటర్నులు, జూలై 31కి ఆదాయపు పన్ను రిటర్నులు. ఈ తేదీల మధ్య తలెత్తినప్పుడల్లా కనపడేది ఆ మూలే. పదిహేడేళ్ళుగా చూస్తున్నాను. దాని గురించి మాట్లాడటానికి నాకు ఏమైనా అధికారం ఉంటే అది ఈ కిటికీ ఇచ్చిందే. ఆ అధికారం ఎంతటిదో కూడా చెబుతాను.

తెల్లవారుజామున పాలప్యాకెట్ల ట్రేలు దిగుతాయి. ఆరున్నరకు ఇడ్లీ బండి. ఏడింటికి ఇద్దరు ముగ్గురు తాపీ పనివాళ్ళు సంచుల్లో పనిముట్లు, క్యారియరు పెట్టుకుని మేస్త్రీ ఎవరైనా వస్తాడేమోనని చూస్తుంటారు. పెద్ద అడ్డా వేరేచోట ఉంది, అక్కడ ఆ రోజుకు పని దొరకనివాళ్ళు ఇక్కడికి వస్తారు. తొమ్మిదింటికి ఇస్త్రీ బండి ఆవిడ పెట్టెలో బొగ్గులు రాజేస్తుంది. పదింటికి చెప్పులు కుట్టే తాత గోనె పరుస్తాడు. సాయంత్రం పూలావిడ, చీకటి పడే వేళకు బజ్జీల బండి. ఇడ్లీ బండి ఖాళీ చేసిన చోటికి అరటిపండ్ల బండి వస్తుంది, అది కదిలాక అదే చోట బజ్జీల బాణలి పెడతారు. ఆరడుగుల నేల మీద రోజుకు మూడు కుటుంబాలు బతుకుతున్నాయి. వాణిజ్య సముదాయాలు కట్టే బిల్డర్ల లెక్కలు కూడా నేను రాస్తుంటాను, అందులో ఎవరూ నేలను ఇంత పొదుపుగా వాడినట్టు నాకు కనపడలేదు.

పూలావిడ దగ్గర కాసేపు ఆగాలి. ఆవిడ కొలమానం మూర. మోచేతి నుంచి నడిమివేలి కొస దాకా మూర, కానీ ఎవరి మోచేయి అన్నదే ప్రశ్న. ఆవిడ పొట్టి మనిషి. ఎదురు లైనులో ఉండే లెక్చరరుగారు ఆరడుగుల మనిషి. ‘నీ మూర మూర కాదమ్మా, జాన’ అని లెక్చరరుగారు ఎప్పుడూ అంటారు. ‘మీ చేత్తో కొలిస్తే రేటు కూడా మీ చేతి రేటే ఉంటుందండీ’ అని ఈవిడ ఎప్పుడూ అంటుంది. ఇద్దరూ తగ్గరు. కొలిచి దారం తెంపబోయే ముందు ఈవిడ బొటనవేలితో ఇంకో నాలుగు మొగ్గలు ముందుకు జరిపి అక్కడ తెంపుతుంది. అది కొసరు. కొసరును ఏ పద్దు కింద రాయాలో నాకు ఇంతవరకూ తెలియలేదు. తగ్గింపు అనడానికి లేదు, ఎందుకంటే ధర తగ్గలేదు. ఉచితం అనడానికీ లేదు, ఎందుకంటే అది లేకపోతే లెక్చరరుగారు మర్నాడు రారు. పన్ను పడని సరుకు మాత్రం నిశ్చయంగా అదే.

మిర్చి కాలంలో ఈ మూలకు ఘాటు వస్తుంది. యార్డులో మిర్చి బస్తాలు, అంటే టిక్కీలు, దించి, పనిలో పనిగా డాక్టరుకు చూపించుకుందామని పేటలోకి వచ్చిన పల్నాటి రైతు టీ బంకు దగ్గర నిలబడితే, అతని కండువా నుంచి లేచిన కారానికి పక్కవాడు తుమ్ముతాడు. తుమ్మినవాడే పలకరిస్తాడు, ‘తేజ ఎంత పలికింది?’ అని. తేజ ఒక మిర్చి రకం. అలా ఒకసారి వచ్చిన ముసలి రైతు చేతిలో చీటీ చూసి ఇస్త్రీ ఆవిడ అన్న మాటలు నాకు కిటికీలోంచి వినపడ్డాయి. ‘సరిగ్గానే వచ్చారు బాబాయిగారూ, ఆ మేడే. కానీ ఈ రోజు డాక్టరుగారు మధ్యాహ్నం మూడు దాటితే గాని రారు. ముందు వెళ్ళి పేరు రాయించి రండి, లేకపోతే రాత్రవుతుంది. వచ్చి ఈ అరుగు మీద కూర్చోండి, నీడగా ఉంటుంది.’ మ్యాపు ఆ రైతును గుమ్మం దాకా తీసుకెళ్ళగలదు. డాక్టరు ఎన్నింటికి వస్తాడో, ముందు పేరు రాయించుకోవాలో, ఎక్కడ నీడ ఉందో అది చెప్పలేదు.

ఇంతదాకా చదివి, నేను ఈ మూలకు వకాల్తా పుచ్చుకున్నదాన్నని మీరు అనుకుంటే పొరపాటు. వాళ్ళందరినీ అక్కడి నుంచి లేపేయమని అర్జీ రాసినదాన్ని నేను.

2025లో శంకర్ విలాస్ దగ్గర రైలు పట్టాల మీది పాత వంతెన మూతపడి, కొత్త వంతెన పని మొదలైంది. పెద్దాసుపత్రి వైపు వెళ్ళాల్సిన బండ్లు దారులు వెతుక్కుంటూ పేటల్లోని లైన్లలోకి దూరాయి. మా మూల దగ్గర హారన్లు పెరిగాయి. అరగంటకోసారి ఎవరో ఒకరు కారు అద్దం దించి ఎవరినో ఒకరిని తిట్టడం మొదలైంది. మా ఫ్లాట్లవాళ్ళు ఒక ఆదివారం సెల్లారులో ప్లాస్టిక్ కుర్చీలు వేసుకుని సమావేశమయ్యారు. బజ్జీల నూనె వాసన, బొగ్గుల పొగ, కాలువలో టీ కప్పులు, గేటుకు అడ్డంగా బజ్జీలు తినేవాళ్ళ స్కూటర్లు. ఒక్కటీ అబద్ధం కాదు. కానీ ఆ వారంలో కొత్తగా వచ్చినవి కార్లు. అమ్ముకునేవాళ్ళ బండ్లు ఏళ్ళ తరబడి ఉన్నాయి. ఈ తేడా ఆ రోజు ఎవరికీ తట్టలేదు, లెక్కలు రాసే నాకైనా తట్టి ఉండాల్సింది.

‘మీరు కాగితం బాగా రాస్తారు కదండీ’ అన్నారు. పొగిడితే పడిపోయే గుణం నాకుంది. ఆ రాత్రే కూర్చుని రాశాను. ‘ఆక్రమణ’ అని రాశాను. ‘ప్రజల రాకపోకలకు తీవ్ర అంతరాయం’ అని రాశాను. అక్కడితో ఆగక ‘అసాంఘిక శక్తులకు ఆలవాలంగా మారినది’ అని కూడా కలిపాను. అది నిజమని నేను ఒక్క నిమిషం కూడా నమ్మలేదు, అర్జీకి బరువు వస్తుందని వేశాను. ఆ అసాంఘిక శక్తుల్లో ఒకావిడ దగ్గర అప్పటికి నా నూలుచీరలు నాలుగు ఇస్త్రీకి ఉన్నాయి.

ఒక మంగళవారం ఉదయం వ్యాను వచ్చింది. ఇడ్లీ బండి గొడుగు, స్టవ్వు ముందు ఎక్కించారు. టీ బంకును నలుగురు మోశారు. ఇస్త్రీ బండి దగ్గరికి వచ్చేసరికి ఒక చిక్కు వచ్చింది. పెట్టె నిండా నిప్పులున్నాయి. దాన్ని వ్యానులో వేయడానికి లేదు, కింద పెట్టడానికి బల్ల లేదు, బల్ల అప్పటికే వ్యానులో ఉంది. ఆవిడ ఆ పెట్టెను చెక్క పిడి పట్టుకుని, ఒంటికి తగలకుండా దూరంగా చాపి, అలా నిలబడిపోయింది. అయిదు కిలోలకు తగ్గని బరువు. చెయ్యి మార్చుకుంది, మళ్ళీ మార్చుకుంది. చివరికి మెడికల్ షాపు అబ్బాయి బకెట్టుతో నీళ్ళు తెచ్చాడు. ఆవిడ పెట్టె మూత తీసి బొగ్గులు రోడ్డు పక్కన గుమ్మరించింది, అతను నీళ్ళు పోశాడు. చుయ్యిమని లేచిన ఆవిరి నా కిటికీ దాకా వచ్చింది. నేను తెర వేసుకున్నాను.

మూడు రోజులు మూల విశాలంగా ఉంది. ఫ్లాట్లలో అందరూ నన్ను అభినందించారు. నాలుగో రోజు తొమ్మిదిన్నరకు ఒక తెల్లకారు వచ్చి ఇస్త్రీ బండి ఉండే చోట ఆగింది. సాయంత్రం ఆరింటికి కదిలింది. మర్నాడూ వచ్చింది. దాని వెనక ఇంకొకటి. వారం తిరిగేసరికి ఇడ్లీ బండి చోట ఆరు మోటారు సైకిళ్ళు.

నాకు టేపు పెట్టి కొలిచే జబ్బుంది. ఇస్త్రీ బండి ఆరడుగుల పొడవు, మూడున్నర వెడల్పు, అంటే ఇరవై ఒక్క చదరపు అడుగుల నేల. కారు పదమూడు అడుగుల పొడవు, అయిదున్నర వెడల్పు, డెబ్బై ఒకటిన్నర. మూడు ఇస్త్రీ బండ్లు పెట్టినా ఇంకా చోటు మిగులుతుంది. అది చిన్న కారే సుమా. నాలుగు మీటర్లు దాటని కార్లకు పన్ను తక్కువ కాబట్టి అలాంటివే కొనుక్కోమని నా ఖాతాదారులకు నేనే సలహా ఇస్తుంటాను. ఆ డెబ్బై ఒకటిన్నర అడుగుల్లో, రోజుకు ఎనిమిదిన్నర గంటల చొప్పున ఆ కారు ఏం చేసిందయ్యా అంటే, ఎండకు కాలింది. ఒక్కరికి దారి చెప్పలేదు. దాన్ని ఆక్రమణ అని ఎవరూ అర్జీ పెట్టలేదు. నడిచేవాళ్ళు మునుపు ఎలా నడిరోడ్డు మీద నడిచారో ఇప్పుడూ అలాగే నడుస్తున్నారు.

పైగా ఇంకొకటి గమనించాను. ఇడ్లీ బండి ఉన్నన్నాళ్ళూ మలుపు తిరిగేవాడు ముందు బ్రేకు మీద కాలు వేసేవాడు, ఎందుకంటే బండి అవతల ఎవరున్నారో తెలియదు. అది పోయాక హారను మీద చెయ్యి వేస్తున్నాడు. మలుపు ఎంత వెడల్పయితే అంత వేగంగా తిరుగుతారు. మూల పని మనిషిని కాస్త ఆపడం, అటూ ఇటూ చూసేలా చేయడం. ఆ ఆగడంలోనే తెలిసిన ముఖం కనపడుతుంది, తేజ ధర తెలుస్తుంది, రోడ్డు దాటే ముసలమ్మకు ఒక చెయ్యి దొరుకుతుంది. మా పేటల్లో అడ్డంగా వెళ్ళే వీధి అడ్డరోడ్డు. కూలికి నిలబడే చోటు అడ్డా. ఆ రెండింటినీ చూసి కారులో కూర్చున్న మనిషి అనే మాట అడ్డం. నా అర్జీలోని ‘అంతరాయం’ ఆ అడ్డానికి తొడిగిన సంస్కృతం చొక్కా. ఎవరికి అడ్డమో మాత్రం నేను రాయలేదు.

ఇప్పుడు మా నాన్నగారి సంగతి. ఆయన రైల్వేలో గూడ్స్ క్లర్కుగా చేసి రిటైరయ్యారు. వ్యాగన్ల నంబర్లు చూడకుండా చెప్పేవారు. కొన్నేళ్ళుగా మతిమరుపు మెల్లగా ముదురుతోంది. కానీ సాయంత్రం నడక మానలేదు, నేనూ మాన్పించలేదు. నాలుగున్నరకు వెళ్ళి ఆరుకల్లా వచ్చేవారు. అంకెల మనిషి, అంకెల పేట, ఏం భయమని నా ధీమా.

వ్యాను వచ్చిన పన్నెండో రోజున ఎనిమిదైనా ఆయన రాలేదు. లైన్లన్నీ తిరిగాను. ఒక్కో మూల ఇంకో మూలలాగే ఉంది. దారి తెలియని కొత్త మనిషి నలుగురిని అడుగుతాడు, తెలుసనుకునే మనిషి అడగడు, అలా పోతూనే ఉంటాడు. ఎనిమిదిన్నరకు ఒక ఆటో వచ్చి మా గేటు ముందు ఆగింది. వెనక సీట్లో నాన్నగారు, చేతిలో ఎవరో కొనిచ్చిన అరటిపండు. లాడ్జి సెంటర్ దగ్గర డివైడరు మీద కూర్చుని ఉన్నారట. ఆటో అబ్బాయి గుర్తుపట్టాడు. ‘మన ఇస్త్రీ అక్క మూలలో ఉండే పెద్దాయన కదా’ అన్నాడు. మాకు డోరు నంబరుంది, ఫ్లాట్లకు ఒక దేవుడి పేరుంది, లైనూ అడ్డరోడ్డూ ఉన్నాయి. వాటిలో ఏదీ కాకుండా, నేను లేపేయించిన మూల పేరు మీద మా నాన్నగారు ఇంటికి చేరారు.

డబ్బులు ఇవ్వబోతే తీసుకోలేదు. వెళ్తూ వెళ్తూ అన్నాడు, ‘రోజూ చెప్పుల తాత లేచి గేటు దాకా దించేవాడు కదమ్మా, ఇప్పుడు ఎవరున్నారు?’

రోజూ! నేను పదిహేడేళ్ళుగా ఆ మూలను చూస్తున్నాను. మా నాన్నగారు వారంలో నాలుగు రోజులు మా అడ్డరోడ్డు దాటి పోతుంటే ఇస్త్రీ ఆవిడ ‘అటు కాదు బాబాయిగారూ, ఇటు’ అని పిలిచేదని, వినకపోతే చెప్పుల తాత సూది గోనెకు గుచ్చి లేచి వెళ్ళి తీసుకొచ్చేవాడని మెడికల్ షాపు అబ్బాయికి తెలుసు, పూలావిడకు తెలుసు, టీ తాగడానికి వచ్చిపోయే ఆటోవాళ్ళకు తెలుసు. నాకు తెలియదు. ఆ వేళకు నేను ఎవరి పద్దులోనో మునిగి ఉండేదాన్ని. కిటికీ అధికారం ఎంతటిదో చెబుతానన్నాను కదా, అంతటిది.

ఆ తర్వాతే చట్టం తెచ్చుకుని చదివాను. అర్జీకి ముందు చదవాల్సింది. వీధి విక్రయదారుల రక్షణ కోసం పార్లమెంటు 2014లో చట్టం చేసింది. ముందు సర్వే చేసి అందరికీ ధ్రువపత్రాలు ఇవ్వాలి, అది అయ్యేదాకా ఎవరినీ లేపకూడదు. ధ్రువపత్రం ఉన్నవారిని కదపాలంటే ముప్పై రోజుల నోటీసు ఇవ్వాలి. ఎక్కడ అమ్ముకోవచ్చో తేల్చే పట్టణ కమిటీలో నూటికి నలభై మందికి తక్కువ కాకుండా వాళ్ళే ఉండాలి, అందులో మూడోవంతు ఆడవాళ్ళు. అమ్మేవాళ్ళూ కొనేవాళ్ళూ ఏళ్ళ తరబడి వాడుకగా కలుసుకునే చోటుకు ఆ చట్టంలో ‘సహజ మార్కెట్’ అని పేరు. సరుకు అమ్మేవాళ్ళనే కాదు, ఇస్త్రీ, చెప్పుల పని లాంటి సేవలు చేసేవాళ్ళనూ అది కలుపుకుంటుంది. అంతకు పాతికేళ్ళ ముందే, 1989లో, సోదాన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఒక మాట చెప్పింది. వీధులు వచ్చిపోవడానికి మాత్రమే ఉన్నాయన్న కారణం చూపి, సరైన నియంత్రణలో సాగే వీధి వ్యాపారాన్ని కాదనడానికి లేదని. ‘రాకపోకలకు అంతరాయం’ అని నేను అంత గొప్పగా రాసిన వాక్యానికి నేను బ్యాంకు పరీక్షలకు చదువుకుంటున్న రోజుల్లోనే జవాబు వచ్చేసి ఉంది.

దీనికి నా ఫ్లాట్లవాళ్ళ జవాబు నాకు తెలుసు, ఎందుకంటే ఆ జవాబు నాదే. ‘ఉండనివ్వండి, కానీ ఇక్కడే ఎందుకు? ఎక్కడైనా ఒక ఖాళీ స్థలం చూపించి అందరినీ అక్కడ పెట్టవచ్చు కదా.’ కూరగాయలకు అది కుదురుతుంది. సంచి పట్టుకుని పని కట్టుకుని వెళ్తాం. చెప్పుల తాతకు ఎలా కుదురుతుంది? చెప్పు ఎక్కడ తెగుతుందో చెప్పు ఇష్టం. ఉంగటం ఊడిన కాలితో కుంటుకుంటూ వెళ్ళగలిగినంత దూరంలో ఆయన ఉండాలి, అది నూరు అడుగులో నూట యాభయ్యో. ఇస్త్రీ బట్టలు ఆఫీసుకు వెళ్తూ ఇచ్చి, వస్తూ తీసుకుంటాం. టీ కోసం ఎవరూ ప్రయాణం చేయరు, దారిలో ఉంటే తాగుతారు. వీళ్ళ వ్యాపారమంతా వేరే పని మీద వెళ్ళేవాళ్ళ మీద ఆధారపడింది, అలాంటివాళ్ళు రెండు వైపుల నుంచి వచ్చేది మూల దగ్గరే.

అలాగని అక్కడ ఉన్నదంతా బంగారమని చెప్పను. కాలువలో కప్పులు వేసేవాళ్ళు వేస్తూనే ఉన్నారు. చక్రాల కుర్చీలో మనిషిని ఆ మూల మీదుగా తీసుకెళ్ళడం బండ్లున్నప్పుడూ కష్టమే, కార్లున్నప్పుడూ కష్టమే. అరుగులాంటి నడకదారి వేసి, దాని అంచున బండ్లకు గీత గీసి, గీత దాటితే జరిమానా వేస్తే నేను మొదట చప్పట్లు కొడతాను. టీ బంకు దగ్గర నిలబడే మగవాళ్ళ చూపులు వయసులో ఉన్నప్పుడు నన్ను ఆ వైపు రోడ్డు మార్పించాయి, మరిచిపోలేదు. కొత్తగా అద్దెకు దిగినవాళ్ళను ‘మీరేమిట్లు?’ అని కులం కనుక్కోవడం కూడా ఆ మూల చేసే పనే, మహా నేర్పుగా చేస్తుంది. కానీ మార్చి నెలాఖరులో ఖాతాదారుల ఆఫీసుల నుంచి రాత్రి పదింటికి నడిచి వస్తున్నప్పుడు బజ్జీల బండి బల్బు కనపడగానే నా నడకలో వేగం తగ్గేది. బండి లేని ఆ రెండు నెలలూ మెడికల్ షాపు మూసేశాక అక్కడ చీకటే. అప్పుడు నేను వడివడిగా నడిచాను.

ఇక్కడికి దగ్గరలోనే అమరావతి కడుతున్నారు. 217 చదరపు కిలోమీటర్ల రాజధాని. అక్కడా రోడ్లకు అంకెలే, ఈ-3, ఎన్-9 అంటూ. బ్రాడీపేట గళ్ళు పెద్దవి చేసి పరిచినట్టు ఉంటుంది పటం. ఒక ఖాతాదారు స్థలం పని మీద అక్కడికి వెళ్ళి, కూడలిలో దిగి అవతలి మూలను చూశాను. ఎంత గట్టిగా పిలిచినా అవతల ఉన్నవాళ్ళకు వినపడదు. మా మూల మీద అవతలి కొట్టువాడికి చిల్లర ఉందా అని అడగడానికి గొంతు పెంచక్కరలేదు. అంత వెడల్పు రోడ్డు మంచిదో కాదో ఇంజినీర్లు చెప్పాలి. మా నాన్నగారిలాంటి మనిషి ఆ అంచుల వెంట నడుస్తూ పోతే ‘ఇటు బాబాయిగారూ’ అనేది ఎవరో నాకు ఆ పటంలో కనపడలేదు.

రెండు నెలల తర్వాత ఒక్కొక్కరే తిరిగి వచ్చారు. ఎవరూ అనుమతి ఇచ్చినట్టు లేదు, ఎవరూ కాదన్నట్టూ లేదు. ముందు పూలావిడ, గంపతో, ఎప్పుడైనా లేచిపోగలిగేలా. తర్వాత బజ్జీలు. ఇడ్లీ బండి రాలేదు, వాళ్ళు ఊరికి వెళ్ళిపోయారని కొందరు, తెనాలిలో పెట్టారని కొందరు అన్నారు. తెల్లకారు మెడికల్ షాపు వైపు నాలుగడుగులు జరిగింది. చెప్పుల తాత కూడా వచ్చాడు. నేను కిందికి దిగి, మంచి చెప్పులకే ఒక కుట్టు వేయమని ఇచ్చి, నాన్నగారి విషయం చెప్పబోయాను. ఆయన దారానికి మైనం రాస్తూ, ‘పెద్దాయన వ్యాగన్ల కబుర్లు బాగా చెబుతాడమ్మా’ అన్నాడు. నా గొంతులో మాట అక్కడే ఆగింది.

ఇస్త్రీ ఆవిడ రెండు అడ్డరోడ్ల అవతల ఒక ప్రహరీ పక్కన పెట్టుకుంది. అక్కడ బేరం సగానికి సగం పడిపోయిందట. పోయిన నెల 19వ తేదీన, నేను రిటర్నులతో తల మునకలై ఉండగా, మెట్లెక్కి వచ్చింది. చేతిలో ప్లాస్టిక్ కవరు, అందులో ఆధార్ నకలు, రెండు ఫోటోలు. పాత మూల మీదే అమ్ముకునే ధ్రువపత్రం కోసం అర్జీ పెట్టాలి, అది వస్తే వీధి వ్యాపారులకు ఇచ్చే స్వనిధి అప్పు కూడా అడగవచ్చునట. తనకు రాయడం రాదు. నా నాలుగు నూలుచీరలు కూడా తెచ్చింది, మడతపెట్టి. అవి ఆ మంగళవారం నుంచి ఆవిడ దగ్గరే ఉన్నాయి, నేను అడగలేదు.

కూర్చోమన్నాను. తెల్లకాగితం తీశాను. ఎవరికి, ఏ తేదీ, ఎన్నేళ్ళుగా అక్కడ ఉన్నదీ అడిగి రాయడం మొదలుపెట్టాను. ఆవిడ కాసేపు కిటికీలోంచి కిందికి చూసింది. తెల్లకారు అక్కడే ఉంది.

‘పోయినసారి రాసినంత గట్టిగా రాయండక్కా’ అంది.